ఎవరి సొత్తు, ఎవరి పెత్తనం: స్కాట్లండ్ రగ్బీ సంఘంపై ఒక కేస్ స్టడీ

నేను కంపెనీ సెక్రటరీని. నా పనిలో ఎక్కువ భాగం లాభాపేక్ష లేని సంస్థలతోనే. క్రీడా సంఘాలు, సహకార పరపతి సంఘాలు, పూర్వ విద్యార్థుల సంఘాలు. గొడవ ముదిరి పాకాన పడ్డాకే వీరు నా గడప తొక్కుతారు. అప్పటికి అధ్యక్షుడికీ కార్యదర్శికీ మాటలుండవు. బ్యాంకు ఖాతా స్తంభించి ఉంటుంది. ఇరుపక్షాలూ చెరో మినిట్సు పుస్తకం పట్టుకొస్తాయి. రెండింటిలోనూ ఒకే తేదీన రెండు వేర్వేరు తీర్మానాలు కనిపిస్తాయి. చివరికి ప్రతి ఫైలులోనూ తేలవలసిన సంగతి ఒకటే: ఈ సంస్థ ఎవరిది, దీన్ని నడపవలసింది ఎవరు, నడిపేవారిని నిలదీసే అధికారం ఎవరిది?

ఈ చిక్కు విప్పడానికి నేను పదేపదే తెరిచే ఫైలు మన ప్రాంతానిది కాదు, స్కాటిష్ రగ్బీ యూనియన్‌ది. జనాభా దాదాపు 55 లక్షలు ఉన్న చిన్న దేశం. అక్కడ జనాదరణలో మొదటి ఆట ఫుట్‌బాలే. అయినా ప్రపంచంలో తొలి అంతర్జాతీయ రగ్బీ పోటీ జరిగింది ఆ గడ్డ మీదే. అంతర్జాతీయ రగ్బీ పాలకమండలి పుట్టుకకు దారితీసిన వివాదంలో ఒక పక్షం వారే. ఇరవై ఏళ్లు తిరగకుండా తమ పాలనా నిర్మాణాన్ని రెండుసార్లు విప్పి మళ్లీ కట్టుకున్నదీ వారే. ఏ కోర్టూ వారిని ఆదేశించలేదు. సభ్యులైన క్లబ్బులే సమావేశాలు పెట్టుకుని, వాదించుకుని, ఓట్లు వేసి ఆ పని చేశాయి. మన దగ్గర భారత క్రికెట్ బోర్డుకు లోధా కమిటీ, హైదరాబాద్ క్రికెట్ సంఘానికి జస్టిస్ లావు నాగేశ్వరరావు ఏకసభ్య కమిటీ సుప్రీంకోర్టు ద్వారా రావలసి వచ్చాయి. ఆ తేడాయే నన్ను ఈ కేసు దగ్గర కట్టిపడేసింది.

సవాలు ఉత్తరం నుంచి సంఘం వరకు

1870లో లండన్‌లో ఇంగ్లండ్, స్కాట్లండ్ పేర్లతో అసోసియేషన్ ఫుట్‌బాల్ (ఈనాడు మనం ఫుట్‌బాల్ అనే ఆట) పోటీ జరిగింది. స్కాట్లండ్ పేరిట ఆడినవారు చాలావరకు లండన్ చుట్టుపక్కల ఉండేవారే. ఇది మా ఆట కాదు, ఇది మా జట్టూ కాదు అని ఐదు స్కాట్ క్లబ్బుల కెప్టెన్లు ఆ ఏడాది డిసెంబరులో పత్రికాముఖంగా సవాలు విసిరారు. రగ్బీ నియమాలతో ఆడదాం, రండి అన్నారు. ఇంగ్లండ్ వచ్చింది. 1871 మార్చి 27న ఎడిన్‌బరోలోని రేబర్న్ ప్లేస్ మైదానంలో పక్షానికి ఇరవై మంది చొప్పున ఆడారు. స్కాట్లండ్ గెలిచింది.

ఆనాటి అంపైర్లలో ఒకరు లొరెటో పాఠశాల ప్రధానోపాధ్యాయుడు హెచ్. హెచ్. ఆమండ్. స్కాట్లండ్ చేసిన ఒక ట్రై (ప్రత్యర్థి గీత దాటి బంతిని నేలకు ఆనించడం) మీద పెద్ద తగాదా రేగింది. ఆయన తరువాత రాసుకున్నది నాకు భలే ఇష్టం. అంపైర్‌కు సందేహం వచ్చినప్పుడు ఎక్కువ అరిచే పక్షానికి వ్యతిరేకంగా తీర్పు ఇవ్వడమే మేలు, ఎందుకంటే తప్పు బహుశా వారివైపే ఉంటుంది అన్నది దాని సారాంశం. సర్వసభ్య సమావేశాల్లో అధ్యక్ష స్థానంలో కూర్చునేవారికి ఈ మాట నేను ఇప్పటికీ చెబుతుంటాను.

రెండేళ్ల తరువాత, 1873 మార్చి 3న, గ్లాస్గోలో ఇంగ్లండ్‌తో పోటీకి చేరిన ఎనిమిది క్లబ్బుల ప్రతినిధులు స్కాటిష్ ఫుట్‌బాల్ యూనియన్ స్థాపించారు. స్కాటిష్ రగ్బీ యూనియన్ అన్న పేరు 1924లో వచ్చింది. నియమావళి రాసేవాడి కళ్లతో చూస్తే ఆ రోజు తీసుకున్న అసలు నిర్ణయం ఒకటుంది. సభ్యత్వం వ్యక్తులకు కాదు, క్లబ్బులకు. ఆటగాడు, ప్రేక్షకుడు, టికెట్ కొనేవాడు, వీరెవరికీ ఓటు లేదు. క్లబ్బుకే ఓటు. ఆ ఎనిమిదింటిలో అధిక భాగం ఎడిన్‌బరో, గ్లాస్గో నగరాల్లోని పేరున్న పాఠశాలల పూర్వ విద్యార్థులవీ, విశ్వవిద్యాలయాలవీ. పునాదిరాయి మీద చెక్కిన ఆ పేర్లే తరువాతి వందేళ్లూ సంఘం స్వభావాన్ని నిర్ణయించాయి.

ఇక్కడ మన దేశంతో ఉన్న లంకె చెప్పకుండా ముందుకు పోలేను. ఇంగ్లండ్, స్కాట్లండ్ ఏటా తలపడేది కలకత్తా కప్పు కోసం. 1870ల్లో కలకత్తాలోని బ్రిటిష్‌వారు ఒక రగ్బీ క్లబ్బు పెట్టారు. పోలో, టెన్నిస్‌ల మోజులో సభ్యులు తగ్గిపోయి 1878లో అది మూతపడింది. బ్యాంకులో మిగిలిన సొమ్మును వెండి రూపాయలుగా తీసుకుని, వాటిని కరిగించి కప్పు చేయించారు. మూడు పిడులు, మూడూ పడగ విప్పిన తాచుపాములు. మూత మీద ఏనుగు. సన్నని చెక్కడపు పని, చూడగానే మన కంసాలి చేతి పని అని తెలిసిపోతుంది. దానికోసం తొలి పోటీ 1879లో జరిగింది. కప్పు అందం ఒక ఎత్తు, నా వృత్తికి సంబంధించిన పాఠం మరో ఎత్తు. క్లబ్బు మూసేటప్పుడు మిగులును సభ్యులు పంచుకోలేదు, అదే ఆటకు ఇచ్చేశారు. ఈనాడు మన లాభాపేక్ష లేని కంపెనీల నియమావళిలో రద్దు క్లాజు కోరేదీ ఇదే. ఆ క్లాజు అర్థం కాని సభ్యులకు ఈ వెండి రూపాయల కథ చెబితే క్షణంలో అర్థమవుతుంది.

ఒక ట్రై, ఒక పాలకమండలి

1884లో బ్లాక్‌హీత్‌లో జరిగిన పోటీలో ఒక స్కాట్ ఆటగాడు బంతిని చేతితో వెనక్కి కొట్టాడు. అది దొరకబుచ్చుకుని ఇంగ్లండ్ ట్రై చేసింది. అలా కొట్టడం మా నియమాల ప్రకారం తప్పు, ఆట అక్కడే ఆగవలసింది అని స్కాట్లండ్ వాదన. తప్పు చేసింది మీరే, మీ తప్పు మీకే లాభం ఎలా అవుతుంది అని ఇంగ్లండ్ జవాబు. న్యాయంగా చూస్తే ఇంగ్లండ్ మాటలోనే బలం ఉంది. కానీ స్కాట్లండ్ లేవనెత్తిన అసలు అంశం వేరు. నియమాలు రాసేదీ మీరే, వాటికి అర్థం చెప్పేదీ మీరే, తగాదాలో ఒక పక్షమూ మీరే అయితే మేము ఎవరి దగ్గరికి వెళ్లాలి?

1885లో ఈ రెండు జట్లూ ఆడలేదు. 1886లో స్కాట్లండ్, ఐర్లండ్, వేల్స్ కలిసి అంతర్జాతీయ బోర్డు పెట్టాయి. ఇంగ్లండ్ చేరనంది. మిగతా ముగ్గురూ ఇంగ్లండ్‌తో ఆడబోమన్నారు. చివరికి వ్యవహారం మధ్యవర్తిత్వానికి వెళ్లి, 1890లో ఇంగ్లండ్ ఆరు స్థానాలతో, మిగిలిన ముగ్గురూ తలా రెండు స్థానాలతో రాజీ కుదిరింది. ఈనాడు ప్రపంచ రగ్బీని నడిపే వరల్డ్ రగ్బీ సంస్థ వేళ్లు ఆ తగాదాలోనే ఉన్నాయి.

ఈ ఘట్టాన్ని ఇంతగా చెప్పడానికి కారణం ఉంది. బయట ఇంగ్లండ్‌ను స్కాట్లండ్ అడిగిన ఆ ప్రశ్ననే నూటపాతికేళ్ల తరువాత స్కాట్ క్లబ్బులు తమ సంఘాన్ని అడిగాయి.

మూడు షిల్లింగుల పట్టుదల

డబ్బు తీసుకుని ఆడటం మహాపాపం అన్న సిద్ధాంతాన్ని స్కాటిష్ సంఘం పట్టుకున్నంత గట్టిగా మరెవరూ పట్టుకోలేదు. న్యూజిలాండ్, ఆస్ట్రేలియా పర్యటన జట్ల ఆటగాళ్లకు చేతి ఖర్చులకు రోజుకు మూడు షిల్లింగులు ఇవ్వడం కూడా జీతమే అన్నారు. ఆ పట్టింపుతో 1908లో వచ్చిన ఆస్ట్రేలియాతో ఆడలేదు. 1924-25లో ఓటమి ఎరుగని న్యూజిలాండ్ జట్టు వచ్చినప్పుడూ వారితో పోటీ పెట్టుకోలేదు. నిజానికి 1905లోనే న్యూజిలాండ్ విషయంలో ఒక లెక్క తప్పింది. కొత్త మైదానం కొన్న ఖర్చుతో చేతిలో డబ్బు ఆడక, పర్యాటక జట్టుకు కనీస మొత్తం హామీ ఇవ్వలేక, గేటు వసూళ్లు మీరే తీసుకోండి అన్నారు. జనం విరగబడి వచ్చారు, సొమ్మంతా న్యూజిలాండ్‌కు పోయింది.

ఈ శుద్ధాచారం భారం నగరపు న్యాయవాది మీద పడలేదు, సరిహద్దు జిల్లాల కార్మికుడి మీద పడింది. దక్షిణాన బోర్డర్స్ ప్రాంతంలో హోయిక్, గాలాషీల్స్, మెల్‌రోజ్, కెల్సో, జెడ్‌బరో వంటివి ఉన్ని మిల్లుల ఊళ్లు. అక్కడ రగ్బీ దొరల ఆట కాదు, ఊరి ఆట. పక్షానికి ఏడుగురే ఆడే సెవెన్స్ రగ్బీ 1883లో మెల్‌రోజ్‌లో పుట్టింది. క్లబ్బు ఖజానా నింపడానికి ఏం చేద్దామని ఆలోచించి, నెడ్ హెయిగ్ అనే మాంసం కొట్టు పనివాడు వేసిన ఎత్తుగడ అది. ఇప్పుడు అది ఒలింపిక్ క్రీడ. 1901లో మొదలైన బోర్డర్ లీగు, రగ్బీ యూనియన్ అని పిలిచే ఈ రకం రగ్బీలో, అన్నిటికన్నా పాత లీగు. దేశమంతటా లీగు పద్ధతి పెట్టడానికి కేంద్ర సంఘానికి 1973 దాకా పట్టింది.

మిల్లు కూలితో కుటుంబం గడవని ఆటగాళ్లు ఉత్తర ఇంగ్లండ్ వెళ్లి, జీతమిచ్చే వేరే రకం రగ్బీ అయిన రగ్బీ లీగ్‌లో చేరేవారు. చేరిన రోజు నుంచి వారికి సొంత ఊరి రగ్బీలో చోటు లేదు. హోయిక్‌వాడైన డేవ్ వాలెంటైన్ 1954లో గ్రేట్ బ్రిటన్ కెప్టెన్‌గా తొలి రగ్బీ లీగ్ ప్రపంచ కప్పు గెలిచాడు. అంతటి ఆటగాడినీ వెలివేసిన నియమం అది. నియమావళిలో ఒక వాక్యం మనిషిని ఊరికి దూరం చేయగలదు. ఎనిమిది క్లబ్బుల పునాది సంగతి నేను పైన చెప్పింది ఇందుకే. ఓటు ఉన్నవారికి ఆ నియమం ఖర్చు లేని ఆదర్శం, ఓటు లేనివారికి అది పొట్టకూటి సమస్య.

ఒకే ఇల్లు, ఒకే ఆదాయం

స్కాటిష్ సంఘం 1890ల్లోనే ఇన్వర్లీత్‌లో సొంత స్థలం కొన్నది. బ్రిటిష్ దీవుల నాలుగు రగ్బీ సంఘాల్లో సొంత మైదానం మొదట సంపాదించింది వీరే. తరువాత పోలో క్లబ్బు స్థలం కొని మర్రీఫీల్డ్ మైదానం కట్టారు. 1925 మార్చి 21న అక్కడ ఇంగ్లండ్‌ను 14-11తో ఓడించి తొలి గ్రాండ్ స్లామ్ (ఆ ఏటి టోర్నీలో ప్రత్యర్థులందరినీ ఓడించడం) గెలిచారు. 1975లో వేల్స్‌తో పోటీకి లక్షా నాలుగు వేల మంది వచ్చారు. ఇప్పుడు సామర్థ్యం 67 వేల పైచిలుకు.

ఇల్లు కట్టి చూడు అన్నారు మనవాళ్లు. 1990ల మొదట్లో మైదానం మొత్తం పునర్నిర్మించారు. దశాబ్దాల పాటు టికెట్ కొనే హక్కు ఇస్తామంటూ డిబెంచర్లు అమ్మారు, మిగతాది అప్పు. ఆ కాంక్రీటు ఆరేలోపే, 1995 ఆగస్టులో, అంతర్జాతీయ బోర్డు ఇక ఆటగాళ్లకు జీతం ఇవ్వవచ్చు అని ప్రకటించింది. అప్పు తీర్చవలసిన సంఘమే ఇప్పుడు జీతాలు కూడా మోయాలి. ఈ రెండూ ఒకేసారి మీద పడటమే తరువాతి ఇరవై ఏళ్ల కష్టాలకు ప్రధాన కారణం అని నా అంచనా. వ్యక్తుల తప్పులు అంతకన్నా చిన్నవి.

జీతాల జట్లు ఎవరివి కావాలి? హోయిక్, మెల్‌రోజ్ వంటి క్లబ్బులవా, సంఘం సొంతంగా నడిపే జిల్లా జట్లవా? ఇంగ్లండ్‌లో క్లబ్బులు ప్రైవేటు యజమానుల చేతికి వెళ్లాయి. స్కాట్లండ్ జిల్లా జట్లను ఎంచుకుంది. క్లబ్బులకు అంత పెద్ద ఖర్చు మోసే శక్తి లేదన్నది నిజం. 1996లో నాలుగు జట్లు పెట్టారు: ఎడిన్‌బరో, గ్లాస్గో, బోర్డర్స్, ఉత్తర-మధ్య ప్రాంతాలకు కాలెడోనియా. రెండేళ్లు తిరగకుండానే, 1998లో, నాలుగింటినీ రెండుగా కలిపేశారు. 2002లో బోర్డర్స్ జట్టును మళ్లీ తెరిచారు, 2007లో మళ్లీ మూసేశారు. ఎడిన్‌బరో జట్టును 2006లో ప్రైవేటు యజమానులకు అప్పగించారు, మరుసటి ఏడాదే గొడవపడి వెనక్కి తీసుకున్నారు.

బోర్డర్స్ ఊళ్లలో ఆ మూసివేత ఎంత లోతుగా తగిలిందో కొన్నేళ్ల తరువాత అక్కడికి వెళ్లినప్పుడు చూశాను. మా అమ్మాయి ఎడిన్‌బరోలో చదివేటప్పుడు ఒక శనివారం అటు వెళ్లాం. ఒక చిన్న క్లబ్బు. గోడ నిండా చెక్క పలకలు, వాటి మీద బంగారు రంగు అక్షరాలతో కెప్టెన్ల పేర్లు, పక్కనే రెండు ప్రపంచ యుద్ధాల్లో చనిపోయిన సభ్యుల జాబితాలు. ఒకే ఇంటిపేరు మూడు తరాలుగా పలక మీద దిగుతూ వచ్చింది. గేటు దగ్గర టికెట్లు చింపుతున్న పెద్దాయనే క్లబ్బు కోశాధికారి. నా వృత్తి తెలిశాక లోపలి గదికి తీసుకెళ్లి ఒక ఫైలు తెరిచారు. యూనియన్ వార్షిక లెక్కలు. ప్రతి పేజీలో స్కేలు పెట్టి గీసిన పెన్సిలు గీతలు, అంచుల్లో ప్రశ్నార్థకాలు, గత ఏడాది అంకెలు చిన్న అక్షరాల్లో. టికెట్లు చింపే చేతి రాత ఎంత పొందికగా ఉందో ఇప్పటికీ కళ్లకు కడుతుంది. వాటా ఒక్కటీ లేని, జీతం ఒక్క పౌండూ అందని మనిషి, ఆ సంస్థ తనదే అన్న నమ్మకంతో లెక్క చూసుకుంటున్నాడు. యజమాని అంటే నా దృష్టిలో ఆయనే.

సంఘం బయట నిలబడి పనిచేసినవారు

పాలన గురించి రాసేటప్పుడు మహిళల సంగతి చివరి పేరాలో సర్దేయడం ఆనవాయితీ. నాకది నచ్చదు. ఈ కేసు మొత్తంలో నన్ను అన్నిటికన్నా కదిలించిన నిర్వహణ దక్షత వారిదే. స్కాట్లండ్ మహిళల జట్టు తొలి అంతర్జాతీయ పోటీ 1993 ఫిబ్రవరి 14న రేబర్న్ ప్లేస్‌లో, 1871 నాటి ఆ మైదానంలోనే జరిగింది. ఐర్లండ్‌ను 10-0తో ఓడించారు. మరుసటి ఏడాది ప్రపంచ కప్పు నెదర్లాండ్స్‌లో జరగవలసింది. అంతర్జాతీయ బోర్డు గుర్తింపు లేక ఆతిథ్య దేశం తప్పుకుంది. గడువు సుమారు తొంభై రోజులు. స్కాట్లండ్ ఆటగాళ్లు కొందరు కూర్చుని, స్యూ బ్రోడీ నాయకత్వంలో, మేము జరుపుతాం అన్నారు. అధికారిక గుర్తింపు లేదు, నిధులు లేవు. ఒక జట్టు రాకపోతే విద్యార్థినుల జట్టును నిలబెట్టి పన్నెండు జట్ల పోటీని పూర్తి చేశారు. ఫైనల్‌లో అమెరికాపై ఇంగ్లండ్ గెలిచింది, అదీ రేబర్న్ ప్లేస్‌లోనే.

ప్రపంచ కప్పు నడిపిన ఆ బృందానికి అప్పటి సంఘం నిర్ణయాల్లో ఓటు లేదు. చాలా ఏళ్లకు మహిళల రగ్బీ ప్రధాన సంఘంలో కలిసింది. జీతాల ఒప్పందాలు 2022లో వచ్చాయి. సభ్యత్వ నిర్వచనం రాసేటప్పుడు ఎవరిని వదిలేస్తున్నామో చూసుకోండి అని నేను ప్రతి ముసాయిదా పక్కన రాసే నోటు వెనుక ఈ తొంభై రోజులున్నాయి.

2005: ఇద్దరు పెద్దలున్న ఇల్లు

ఇక అసలు శస్త్రచికిత్సలకు వద్దాం. 2005 నాటికి అప్పు రెండు కోట్ల పౌండ్లు దాటింది. సంఘంలో రెండు అధికార కేంద్రాలున్నాయి. ఒకటి క్లబ్బులు ఎన్నుకునే జనరల్ కమిటీ. రెండోది వ్యాపారం చూసే కార్యనిర్వాహక బోర్డు, దానిలో బయటి నుంచి తెచ్చిన వ్యాపార నిపుణులు. కాగితం మీద చక్కగానే ఉంది. చివరి మాట ఎవరిదో మాత్రం రాయలేదు. ఆ ఏడాది జనవరిలో కమిటీ విశ్వాసం కోల్పోయిన బోర్డు చైర్మన్ డేవిడ్ మెకే తప్పుకోవలసి వచ్చింది. వెంటనే చీఫ్ ఎగ్జిక్యూటివ్ ఫిల్ ఆండర్టన్ రాజీనామా చేశారు. బయటి డైరెక్టర్లు కూడా వెళ్లిపోయారు. కొన్ని రోజుల్లో సంస్థకు తల లేకుండా పోయింది.

నేను గమనించమనేది తరువాత జరిగిన దాన్ని. క్లబ్బులకు కోపం వచ్చింది తాము ఎన్నుకున్న కమిటీ మీదే. మా పేరు చెప్పి మీరు ఇల్లు కూల్చారు అన్నారు. ఆ ఏడాదే జనరల్ కమిటీ పోయి, దాని స్థానంలో ఒక కౌన్సిల్, వ్యాపారానికి ఒక బోర్డు ఏర్పడ్డాయి. వ్యాపారం బోర్డుది, దాన్ని నిలదీసే బాధ్యత కౌన్సిల్‌ది. అప్పు క్రమంగా తగ్గింది.

లోపం ఎక్కడుందంటే, కౌన్సిల్ సభ్యులు కొందరు బోర్డులో కూడా కూర్చున్నారు. సమాచారం ప్రవహించడానికి అది వంతెన అనుకున్నారు. ఆచరణలో బోర్డులో కలిసి తీసుకున్న నిర్ణయాన్ని, అదే మనిషి కౌన్సిల్‌కు వచ్చి ప్రశ్నించవలసి వస్తుంది. సమష్టి బాధ్యత నోరు కట్టేస్తుంది, రహస్య నిబంధన చెయ్యి కట్టేస్తుంది. దీనికి మనిషి గుణంతో నిమిత్తం లేదు. ఎంత నిజాయితీపరుడైనా ఆ రెండు కుర్చీల్లో ఒకేసారి కూర్చోలేడు. ఇలాంటి ఏర్పాటు నేనూ ఒకప్పుడు ఒక సహకార సంఘానికి రాసిచ్చాను. మూడేళ్లలో అదే పగులు అక్కడా కనిపించింది. ఆ తప్పు నాది.

2018 నుంచి 2022: కుర్చీలు విడదీసిన విధానం

2018లో ఉద్యోగ ట్రైబ్యునల్ ఒక తీర్పు ఇచ్చింది. దేశీయ రగ్బీ విభాగం డైరెక్టర్‌ను యూనియన్ తొలగించిన తీరు అన్యాయమని తేల్చింది. క్లబ్బుల రగ్బీని చూసే అధికారి విషయంలో వచ్చిన తీర్పు కావడంతో క్లబ్బుల్లో కలకలం రేగింది. 2019లో వెలువడిన లెక్కల్లో చీఫ్ ఎగ్జిక్యూటివ్ మార్క్ డాడ్సన్‌కు ఆ ఏడాది అందిన మొత్తం 9 లక్షల 33 వేల పౌండ్లని తేలింది. బోనసులు ముందే కుదిరిన లక్ష్యాల ప్రకారమే అని బోర్డు సమాధానం. అదే ఏడాది జపాన్‌లో ప్రపంచ కప్పు సమయంలో, తుపాను వల్ల జపాన్‌తో పోటీ రద్దయితే చట్టపరమైన చర్యకు వెళ్తామన్న వ్యాఖ్యలపై వరల్డ్ రగ్బీ 70 వేల పౌండ్ల జరిమానా విధించింది. వీటిలో ఏది ఎంత తప్పు అన్నది నా విషయం కాదు. ఈ మూడు సందర్భాల్లోనూ యజమానులమనుకున్న క్లబ్బులకు బోర్డును అడిగే దారి సూటిగా లేకపోవడమే నా కేసు.

అప్పటి చట్టపరమైన స్వరూపం కూడా గందరగోళమే. యూనియన్ అసలు నమోదైన కంపెనీ కాదు, సొంత చట్టపరమైన వ్యక్తిత్వం లేని సంఘం. ఆస్తులు ట్రస్టీల పేరిట, వ్యాపారం ఒక కంపెనీ పేరిట, పర్యవేక్షణ కౌన్సిల్‌ది, ఓట్లు క్లబ్బులవి. తేడా వస్తే సభ్యుల మీదే వ్యక్తిగత బాధ్యత పడే ప్రమాదం ఉంది. మన దగ్గర రిజిస్ట్రేషన్ లేకుండా దశాబ్దాలుగా నడిచే ఉత్సవ కమిటీలు చూసినవారికి ఇది కొత్త కాదు.

బాగు చేయడానికి వరుసగా సమీక్షలు వేశారు. న్యాయాధికారి బిల్ డన్‌లప్ ఒక అధ్యయనానికి నేతృత్వం వహించారు. తరువాత బిల్ గామెల్, నార్మన్ ముర్రే కలిసి మరో సమీక్ష చేశారు. బిల్ గామెల్ పేరు కోనసీమవాసులకు పరోక్షంగా తెలిసే ఉంటుంది. స్కాట్లండ్ తరఫున రగ్బీ ఆడిన ఆయనే కెయిర్న్ ఎనర్జీ స్థాపకుడు, ఎస్. యానాం తీరంలోని రవ్వ చమురు క్షేత్రాన్ని నడిపింది ఆ సంస్థే. ఆ తరువాత న్యాయవాది గావిన్ మెకాల్ నేతృత్వంలోని పాలనా కమిటీ ముసాయిదాను పట్టాలెక్కించింది. కోవిడ్ కాలంలో మైదానం ఖాళీగా ఉండగా, తెరల మీద సమావేశాలు పెట్టి క్లబ్బులకు క్లాజు క్లాజూ వివరించారు.

2022లో కొత్త నిర్మాణం వచ్చింది. పైన యూనియన్ ఇప్పుడు వాటాలు లేని హామీ కంపెనీ (సభ్యుల బాధ్యత వారిచ్చిన హామీ మొత్తం వరకే), సభ్యులు క్లబ్బులు. దానిని చూసేవారిని వారు కస్టోడియన్లు అంటారు. నేను ధర్మకర్తలు అంటాను, మన గుడి ఆస్తులు చూసేవారిలా. వీరిలో క్లబ్బులు ఎన్నుకున్నవారూ ఉన్నారు, బయటి నిపుణులూ ఉన్నారు. కింద వ్యాపారం నడిపే కంపెనీ, దాని బోర్డు. జట్లు, టికెట్లు, ప్రసార హక్కులు, జీతాలు ఆ బోర్డు పని. ధర్మకర్తలు బోర్డును నియమిస్తారు, నిలదీస్తారు, కానీ వ్యాపారం చేయరు. క్లబ్బుల ఆట వ్యవహారాలకు విడిగా క్లబ్ రగ్బీ బోర్డు.

కొత్త యంత్రం పనిచేస్తుందో లేదో మరుసటి ఏడాదే తేలింది. 2023లో బోర్డు చైర్మన్ జాన్ జెఫ్రీ పదవి నుంచి తప్పుకున్నారు. 1990లో ఇంగ్లండ్‌ను 13-7తో ఓడించి గ్రాండ్ స్లామ్ గెలిచిన జట్టులో ఆయన ఒకరు, స్కాట్లండ్‌లో ఇంటింటా తెలిసిన పేరు. అంతటి పేరున్న వ్యక్తి పదవి మార్పు కూడా 2005లోలా సంస్థను కూల్చలేదు. కొత్త చైర్మన్‌గా జాన్ మెక్‌గిగన్ వచ్చారు. 2024లో డాడ్సన్ వెళ్లారు, 2025 ఆరంభంలో అలెక్స్ విలియమ్సన్ చీఫ్ ఎగ్జిక్యూటివ్ అయ్యారు.

అయితే నిర్మాణం బాగుపడినంత మాత్రాన ఖజానా నిండదు. 2022-23లో నష్టం కోటి ఐదు లక్షల పౌండ్లు, మరుసటి ఏడాది కోటి పదమూడు లక్షలు. ఆరు దేశాలు ఏటా ఆడే సిక్స్ నేషన్స్ టోర్నీలో ఏడో వంతు వాటాను 2021లో సీవీసీ అనే పెట్టుబడి సంస్థకు అమ్మగా వచ్చిన సొమ్ములో స్కాట్లండ్‌కూ భాగం ఉంది, కానీ అది ఒక్కసారి వచ్చేది, జీతాలు నెలనెలా పోయేవి. 2019లో మొదలుపెట్టిన ఆరు జట్ల అర్ధ వృత్తి లీగు 2024లో ఆగిపోయింది. ఆ వేసవిలోనే గ్లాస్గో జట్టు దక్షిణాఫ్రికాలోని ప్రిటోరియా వెళ్లి, బుల్స్ జట్టును వారి సొంత గడ్డపై 21-16తో ఓడించి యునైటెడ్ రగ్బీ చాంపియన్‌షిప్ గెలిచింది. నష్టాల పట్టికా ఈ కప్పూ ఒకే వార్షిక నివేదికలో పక్కపక్కనే ఉన్నాయి.

నా ముసాయిదాల్లో మారినవి

ఈ కేసు చదివాక నేను రాసే నియమావళుల్లో కొన్ని క్లాజులు స్థిరపడ్డాయి. పర్యవేక్షించే సంస్థలో ఓటున్న సభ్యుడు నడిపే బోర్డులో ఓటుతో కూర్చోకూడదు, హాజరై వినవచ్చు. అనుబంధ జట్టును లేదా శాఖను మూయడం, ఆస్తి తాకట్టు పెట్టడం, భవిష్యత్ ఆదాయంలో వాటా అమ్మడం వంటివి బోర్డు ఒక్కటే నిర్ణయించకూడదు, కారణాలు రాసి సభ్యుల ముందుకు తేవాలి. అత్యధిక వేతనం పొందే అధికారి మొత్తం ఆదాయం, బోనసు లెక్కించిన సూత్రంతో సహా, సమావేశానికి ముందే సభ్యుల చేతికి అందాలి. స్కాట్లండ్ నమూనాను యథాతథంగా దింపుకోమని నేను ఎవరికీ చెప్పను. రెండంచెల కంపెనీలు, స్వతంత్ర నిపుణులు, న్యాయ ఖర్చులు ఒక జిల్లా సంఘం మోయలేదు. కుర్చీలు విడదీయడానికి మాత్రం ఖర్చు లేదు.

గత నెల ఒక జిల్లా క్రీడా సంఘం వారితో ఇలాంటి ముసాయిదా మీద కూర్చున్నాం. మొదటి ఐదు క్లాజులు అరగంటలో అయిపోయాయి. ఆరోది, రెండు కుర్చీల క్లాజు దగ్గర, రెండు గంటలు ఆగింది. అధ్యక్షుడు తనకు రెండు చోట్లా ఓటు ఉండాలన్నారు, ఇరవై ఏళ్లుగా ఉన్నదే కదా అన్నారు. వెనుక వరుసలో ఒక మండల క్లబ్బు కోశాధికారి, ఒక రిటైర్డ్ లెక్కల టీచరు, లేచి నిలబడి తన చేతిలోని ముసాయిదా చూపించారు. ఆమె అంచుల్లో పెన్సిలుతో ప్రశ్నలు రాసుకుని వచ్చారు. వాటిని ఒక్కొక్కటిగా చదవడం మొదలుపెట్టారు. పదకొండో ప్రశ్న దగ్గర ఓటింగ్‌ను మరుసటి ఆదివారానికి వాయిదా వేశారు.